పంచెకు నిప్పంటుకున్నా కదలని విద్య

మొన్న మా మనవరాలు ఒళ్ళో ఏదో పుస్తకం పెట్టుకుని, "అమ్మమ్మా, జంతువులు కూడా మోసం చేస్తాయట! దాని మీద పెద్ద శాస్త్రమే ఉందట!" అంది. కొత్త దేశం కనిపెట్టినట్టు కళ్ళు ఇంతింత చేసుకుని చెప్పింది. నాకు నవ్వొచ్చింది. ఆ చదువు నేను పదిహేనేళ్ళు నిండేలోపే పూర్తి చేశాను తల్లీ, గురువు మా నాన్న, బడి మా కొట్టు అని చెప్పబోయి ఊరుకున్నాను. అంత చెబితే మిగతాది కూడా చెప్పాల్సి వస్తుంది. దానికి చెప్పలేనిది ఇప్పుడు కాగితం మీద పెడుతున్నాను.

బస్తరు అప్పటికింకా సంస్థానం. మా ఊరు శబరి ఒడ్డున, కొంటాకు ఎడ్లబండి మీద ఒక పూట ప్రయాణం. మా తాత భద్రాచలం వైపు నుంచి వచ్చి అక్కడ కొట్టు పెట్టాడు. ఉప్పు, పొగాకు, నూలుబట్ట మేము ఇచ్చేవాళ్ళం. చింతపండు, ఇప్పపువ్వు, సారపప్పు చుట్టుపక్కల పల్లెల కోయవాళ్ళు తెచ్చేవాళ్ళు. తాత పోయాక కొట్టు మా నాన్న చేతికొచ్చింది. కొట్టుతో పాటు తాత దాచిన రహస్యం కూడా వచ్చింది. అదేమిటంటే, తాతలాగే మా నాన్నకు కూడా కోయ మాట వచ్చు. బ్రహ్మాండంగా వచ్చు. కలలో కూడా ఆ మాటే మాట్లాడేంత వచ్చు. కాని ఒక్క ముక్క కూడా రానట్టు ఇరవై ఏళ్ళు కూర్చున్నాడు.

ఎందుకని అడగాల్సిన పనిలేదు. వచ్చినవాళ్ళు మా అరుగు ముందు గంప దించి వాళ్ళలో వాళ్ళు కోయలో మాట్లాడుకుంటారు. "ఇంట్లో ఉప్పు అయిపోయి నాలుగు రోజులైంది, ఎంత అడిగితే అంత ఇచ్చేద్దాం" అని ఆలుమగలు అనుకుంటారు. మా నాన్న ఎటో ఆకాశంలోకి చూస్తూ గడ్డం గోక్కుంటాడు. తరువాత బేరం మొదలవుతుంది. ఆ బేరం ఎటు పోతుందో మీరే ఊహించుకోండి.

మాట రాదు కాబట్టి బేరమంతా సైగలతోనే. నాన్న రెండు చేతులూ చాచి, ముక్కు ముడిచి, చింతపండు వాసన చూసి, కడుపు పట్టుకుని రోగం వచ్చినట్టు అభినయించేవాడు. అవతలివాళ్ళు చెట్టెక్కినట్టు, పడినట్టు, వీపు విరిగినట్టు చూపించి, ఇంత కష్టపడి తెచ్చామని చెప్పేవాళ్ళు. దారిన పోయే కొత్తవాడు చూస్తే ఈ ఊళ్ళో మనుషులంతా పుట్టుమూగలని జాలిపడి పోయేవాడు.

ఇక్కడొక తమాషా ఉంది. వాళ్ళకు తెలుగు వచ్చు. శబరి దాటితే తెలుగే, సంతలో తెలుగే, బండ్లవాళ్ళు తిట్టుకునేది తెలుగే. రాకుండా ఎలా ఉంటుంది? ఒకసారి ఒక పెద్దాయన చింతపండు తెచ్చాడు. నాన్న ఆయన ఎదుటే లోపలున్న మా అమ్మకు వినపడేట్టు, "సరుకు మంచిదేనే, తడిగా ఉందని అంటా, నువ్వు కూడా మూతి ముడువు," అన్నాడు తెలుగులో. ఆ పెద్దాయన ఏమీ విననట్టే లేచి, గంపలో చింతపండంతా ఎదురుగా ఉన్న బండమీద ఎండలో పరిచి, పక్కన గొంతుక్కూర్చున్నాడు. పొద్దు వాలేదాకా కదల్లేదు. తరువాత గలగలలాడే చింతపండు మళ్ళీ గంపకెత్తి, నాన్న ముందు పెట్టి, పళ్ళన్నీ బయటపెట్టి నవ్వాడు. "ఎండకు ఆరేసుకున్నడు, పాపం," అన్నాడు నాన్న. అంతకు మించి ఆయన బుర్రకు తట్టలేదు. తాను అందరినీ బోల్తా కొట్టిస్తున్నానని నమ్మే మనిషికి ఎదుటివాడు తనను బోల్తా కొట్టిస్తున్నాడేమోనన్న అనుమానం రాదు. వస్తే పని జరగదు.

ఆ విద్యలో నన్ను కూడా తయారు చేశారు. నేను పుట్టాక మా అమ్మకు ఏడాదిపైగా ఒంట్లో బాగాలేదు. వడ్లు దంచడానికి వచ్చే కోయ ఆవిడ నన్ను చంకనేసుకుని పెంచింది. ఆమెను నేను వాళ్ళ మాటలోనే అమ్మా అని పిలిచేదాన్ని. నా నోట తెలుగు కంటే ముందు కోయే పలికింది. నాన్న భయపడిపోయాడు. కొట్టులో కోయ పలికే పిల్ల తిరుగుతుంటే గుట్టు ఎలా నిలుస్తుంది? నాకు ఆరేళ్ళు రాగానే ఆవిడ్ని దంపుడు పని మాన్పించారు. నాతో కోయలో ఎవరేమన్నా బిత్తరమొహం వేసుకుని చూడమని నేర్పారు. పిల్ల మాట మరిచిపోయిందని ఊరంతా చెప్పారు. ఆవిడ వచ్చినప్పుడల్లా నా చెంప నిమిరి, "నా బంగారు తల్లీ, నన్ను కూడా మరిచిపోయావా?" అని కోయలో అడిగేది. నేను బిత్తరమొహం వేసేదాన్ని. ఎంత బాగా వేసేదాన్నంటే నాన్న ఆ పూట నాకు బెల్లం ముక్క పెట్టేవాడు.

ఈడు వచ్చాక నా చోటు కొట్టు తలుపు వెనక్కు మారింది. అక్కడ కూర్చుని ఆడవాళ్ళు అరుగు దిగువన మాట్లాడుకునేదంతా విని నాన్నకు చెప్పడం నా ఉద్యోగం. ఆయన గురూపదేశం ఒక్కటే. "మొహం చూడకు. మొహానికి అబద్ధం నేర్పొచ్చు. కాలివేళ్ళు చూడు. మనసులో ఏదన్న కదిలితే అవి ముడుచుకుంటయి." ఆయన అరుగు మీద ఎత్తు పీట వేసుకుని, కాళ్ళు కిందికి వేలాడేసి కూర్చునేవాడు. కాళ్ళకు చెప్పులుండేవి కావు. ఊళ్ళో అందరి కాలివేళ్ళూ చూసే పెద్దమనిషికి తన కాళ్ళు అందరి కళ్ళకెదురుగా వేలాడుతున్నాయన్న సంగతి మాత్రం తట్టలేదు.

మిగతా పాఠాలు చుట్టూ తిరిగే జీవాల దగ్గర నేర్చుకున్నాను. మా కుక్క కాలికి ఒకసారి ముల్లు దిగింది. కుంటుతుంటే అమ్మ జాలిపడి అన్నంలో పెరుగు కలిపి పెట్టింది. ముల్లు పోయింది, పుండు మానింది, కుంటడం మాత్రం మానలేదు. అమ్మ కనపడితే కుంటేది, లేకపోతే ఉడతల వెంట పరుగు. పశువుల వీపుల మీద తిరిగే నల్లపిట్ట, మేము పోలిగాడు అంటాం, అది ఇంకా గడుసుది. గోరింకకు పురుగు దొరికిందంటే చాలు, డేగ వచ్చినట్టు కేకపెట్టేది. గోరింక పురుగు వదిలేసి పారిపోతే ఇది దిగి మింగేది. దాన్ని చూసినప్పుడల్లా నాకు మా నాన్నే గుర్తొచ్చేవాడు. పైకి అనలేదు.

శబరి ఇసుకలో తీతువు పిట్టలు గుడ్లు పెడతాయి. ఎండాకాలం మా కుక్క అటు వెళ్ళిందంటే తల్లి పిట్ట రెక్క విరిగినట్టు ఇసుక మీద ఈడ్చుకుంటూ ఎదురుగా దొర్లేది. కుక్క దాని వెంటపడేది. గుడ్లకు దూరం పోయాక పిట్ట హాయిగా ఎగిరిపోయేది. కుక్క వెర్రిమొహం వేసుకుని నిలబడేది. ఏటా ఇదే ఆట. అది కావాలని చేస్తుందా, భయానికి రెక్క దానంతటదే వాలిపోతుందా అని చదువుకున్నవాళ్ళు ఇప్పటికీ కొట్టుకుంటున్నారని మనవరాలు చెప్పింది. కొట్టుకోనీ. నాకు కూడా ఆ అనుమానం ఉంది, పిట్ట గురించి కాదు.

ఇక నిప్పు సంగతి. నన్ను పెంచిన ఆవిడ భర్త ఒకరోజు కొట్టుకొచ్చి, అరుగు పక్కన నిలబడి ఆకుచుట్ట కాలుస్తున్నాడు. నెమ్మదస్తుడు, అవసరమైతే తప్ప నోరు విప్పడు. చుట్ట కొన నుంచి నిప్పురవ్వ రాలి మా నాన్న పంచె కుచ్చెళ్ళ మీద పడింది. ఆయన కంగారుగా, "సావుకారీ, నీ పంచెకు నిప్పంటుకుంది!" అన్నాడు. కోయలో అన్నాడు. అలవాటు కొద్దీ వచ్చేసింది. నేను తలుపు సందులోంచి చూస్తున్నాను. నాన్న కళ్ళలోకి ఏదో వచ్చి పోయింది. ఇది పరీక్ష, నన్ను పట్టుకోవడానికి వేసిన ఎత్తు అనుకున్నాడు. ఏమిటన్నట్టు చెయ్యి తిప్పి, ఆకాశం చూశాడు. పంచె నిజంగా కాలుతోంది. ఆయన చూడ్డు. పొగ వస్తోంది. ఆయన గడ్డం గోక్కుంటున్నాడు. చర్మం చుర్రుమన్నాక అప్పుడు ఎగిరి గంతేసి, "అమ్మో!" అని తెలుగులో అరిచాడు. అవతలాయనే తన గోచీ మీది గుడ్డ తీసి ఒత్తి ఆర్పాడు.

పిక్క మీద అరచేయంత మచ్చ మిగిలింది. నాన్నకు అదొక పతకం. ఇంటికి వచ్చిన చుట్టాలందరికీ పంచె ఎత్తి చూపించేవాడు. "చర్మం పోయింది గని గుట్టు పోలేదు!" అని తొడ చరిచేవాడు. చుట్టాలు ముక్కున వేలేసుకునేవాళ్ళు. నేను కూడా గర్వంగా నవ్వేదాన్ని. నా తండ్రి అంత ఘనుడు మరి.

ఆ మరుసటేడు ఎండల్లో అడవి తగలబడింది. సర్కారు కాపలా పెట్టిన టేకు గుట్ట. అంతకు నాలుగు రోజుల ముందే అడవి చూసే సాహెబు తనిఖీకని దౌరా మీద వచ్చి, గుట్ట పక్క వాగు దగ్గర డేరాలు వేసుకుని వెళ్ళాడు. వెనక మిగిలిన బండ్లవాళ్ళు మూడు రాళ్ళ పొయ్యి పెట్టి వండుకుని, ఆర్పకుండా పోయారు. గాలి లేచింది. పక్క పల్లెలవాళ్ళు పచ్చికొమ్మలతో కొట్టి, రెండు రోజులు చచ్చీచెడీ ఆర్పారు. ఈ సంగతి నాకెలా తెలుసంటే, తలుపు వెనక కూర్చుని నాలుగు పల్లెల ఆడవాళ్ళ నోట విన్నాను. నాన్నకు కూడా పూస గుచ్చినట్టు చెప్పాను.

సాహెబు తిరిగొచ్చాడు. తగలబడిందంటే ఎవడో తగలబెట్టి ఉండాలి. ఆయన బంట్రోతు పల్లెకు పోయి, చేతులు కాలిన మనిషి కోసం వెతికి, నన్ను పెంచిన ఆవిడ భర్తను పట్టుకొచ్చాడు. విచారణ మా అరుగు మీదే, నీడ ఉంది కాబట్టి. సాహెబుకు కుర్చీ మేమే వేశాం. దోవ పొడుగునా ముప్పై మంది కోయవాళ్ళు నిలబడ్డారు. మబ్బు పట్టి ఉంది. ఇవాళో రేపో వాన పడుతుంది, పడగానే విత్తనం చల్లాలి. వాళ్ళింట్లో నాగలి పట్టే మనిషి ఆయనొక్కడే. పిల్లలు చిన్నవాళ్ళు. జగదల్‌పూర్ జైలుకు తీసుకుపోతే ఆ ఏడాది వాళ్ళకు పంట లేదు, తిండి లేదు. అక్కడున్న ప్రతివాడికీ అది తెలుసు.

సాహెబుకు హిందీ తప్ప వేరే మాట రాదు. హిందీ నాకు బండ్లవాళ్ళ దగ్గర విన్నంత వచ్చు. బంట్రోతు మధ్యలో నిలబడి కోయ మాటను హిందీలోకి మార్చి చెబుతున్నాడు. పట్టుబడ్డ ఆయన కాలిన అరచేతులు చాచి, కోయలో, నెమ్మదిగా, ఒక్కొక్క మాటే చెప్పాడు. "నేను అంటించలేదు. ఆర్పడానికి పోయాను, అప్పుడు కాలాయి. వాగు పక్కన మీ బండ్లవాళ్ళ పొయ్యి రాళ్ళు ఇంకా అట్లనే ఉన్నాయి, వచ్చి చూడండి." ఆ బండ్లవాళ్ళు బంట్రోతు కిందివాళ్ళే. పొయ్యి మాట పైకొస్తే పోయేది అతని కొలువు. సాహెబు వైపు తిరిగి, "అంటిస్తుంటే చేతులు కాలాయట హుజూర్. తప్పయింది, క్షమించమంటున్నాడు," అన్నాడు.

సాహెబు మరీ దుర్మార్గుడేం కాదు. బంట్రోతు మొహం చూసి అనుమానపడ్డాడో ఏమో, మా నాన్న వైపు తిరిగాడు. "సేఠ్, నువ్విక్కడ ఇరవై ఏళ్ళనుంచి ఉన్నావు. వీళ్ళ మాట నీకు వచ్చా? ఇతను అన్నది అదేనా?" అని అడిగాడు.

ఒక్క మాట చాలు. కాదు హుజూర్, అంటే చాలు. కాని ముప్పై మంది చూస్తున్నారు. మాట వచ్చని ఒప్పుకుంటే ఇరవై ఏళ్ళ గుట్టు ఆ క్షణాన వీధిన పడుతుంది. నాన్న చేతులు జోడించి, చిన్న నవ్వు కూడా నవ్వి, "అడవి మనుషుల భాష హుజూర్, ఒక్క ముక్క కూడా అర్థం కాదు," అన్నాడు.

అప్పుడు ఆ చేతులు కాలిన ఆయన మా నాన్న వైపు తిరిగాడు. ఇరవై ఏళ్ళలో మా అరుగు ముందు ఒక్క తెలుగు మాట పలకని మనిషి, చక్కని తెలుగులో అన్నాడు. "సావుకారీ, నీకు మా మాటొస్తది. నా చుట్ట నిప్పు నీ పంచె మీద పడ్డనాడే నాకు ఎరుకైంది. ఇంకా ఒంటికి సెగ తగల్లే, నేను చెప్పంగనే నీ కాలివేళ్ళు ముడుచుకున్నయి. నేనెవలికీ చెప్పలే. ఇయ్యాల ఒక్కసారి చెప్పయ్యా. ఇత్తనాలేసే కాలం, నా పిల్లలు సస్తరు."

సాహెబు, "ఇప్పుడేమన్నాడు?" అని అడిగాడు. ఆయన చెవికి కోయా తెలుగూ ఒక్కటే.

నాన్న నోరు తెరిచాడు. "ఏమో హుజూర్, అర్థం కాలేదు," అన్నాడు. మా నాన్నకు ఆ రోజు తెలుగు కూడా రాకుండా పోయింది.

తలుపు గడియ మీద నా చెయ్యి ఉంది. నాకు పదిహేనేళ్ళు, సంబంధం ఖాయమైంది, పరాయి మగవాళ్ళ ముందుకు రాకూడదు, తండ్రిని అబద్ధాలకోరును చేయకూడదు. ఇవన్నీ నిజమే, కాని ఇందులో ఏదీ కారణం కాదు. ఆరేళ్ళప్పటినుంచి నేర్చిన విద్య నాకు బాగా పట్టుబడింది, అంతే. తలుపు వెనక చీకట్లో, ఎవరూ చూడని చోట కూడా, నా మొహం బిత్తరమొహమై కూర్చుంది. సిగ్గుతో చచ్చిపోతున్నాను, మొహం మాత్రం కదల్లేదు. ఆయన్ను చేతులు కట్టి తీసుకుపోయారు. బండి మలుపు తిరగకముందే మొదటి చినుకులు పడ్డాయి.

ఆ మధ్యాహ్నం నాన్న మామూలుగానే అన్నానికి కూర్చున్నాడు. "చివరికి ఆయన తెలుగులో అన్నాడు గదా నాన్నా," అన్నాను. "నువ్వు లోపలున్నవు, నీకేం వినపడ్డది? పులుసు పొయ్యి," అన్నాడు. పోశాను.

వాన వెలిశాక నన్ను పెంచిన ఆవిడ ఉప్పుకొచ్చింది. నాన్న తోటలో ఉంటే నేనే బయటికొచ్చాను. ఆవిడ నా చెంప నిమిరి, కోయలో, తనలో తను అనుకున్నట్టు అంది. "నా తల్లీ, మాట మరిచిపోయావు గాని, లేకుంటే నువ్వన్నా చెప్పేదానివే. మా ఆయనకు కూడా అదే చెప్పి పంపాను, పిల్లను తప్పుపట్టకు, దానికి తెలీదు అని." తరువాత ఉప్పు కావాలని వేళ్ళతో సైగ చేసింది. నేను అర్థం కానట్టు ఆమె మొహంలోకి చూసి, సైగ మాత్రం అర్థమైనట్టు తల ఊపి, ఉప్పు పోశాను. ఇంకో దోసెడు ఎక్కువ పోశాను. నా జన్మలో చేసిన మోసాలన్నిటిలోకీ ఆ దోసెడు ఉప్పే నీచమైనది.

ఆ ఏడాది వాళ్ళ చేను బీడు పడింది. కొట్టు ముందు అందరూ కోయలో మాట్లాడుకోవడం మానేశారు. వచ్చేవాళ్ళు, వేలు చూపేవాళ్ళు, తీసుకుని పోయేవాళ్ళు. ఇంత పెద్ద గుట్టు పదిలంగా కాపాడుకున్న నాన్నకు వినడానికి ఒక్క ముక్క దొరకలేదు. "వీళ్ళకేమైందే, మూగనోము పట్టిన్రా?" అని నన్నే అడిగేవాడు. ఆయనకు నిజంగానే అర్థం కాలేదని నా నమ్మకం. తీతువు రెక్క దానంతటదే వాలుతుందంటే ఒప్పుకుంటాను. మా నాన్న నాలుక కూడా ఆ రోజు దానంతటదే వాలిందేమోనని ఎన్నోసార్లు సర్దిచెప్పుకున్నాను. కాని పిట్ట గుడ్లను కాపాడుకుంది. మేము కాపాడుకున్నది ఏమిటి?

కోతలన్నీ అయిపోయాక ఆవిడ భర్త జగదల్‌పూర్ నుంచి తిరిగొచ్చాడు. మనిషి సగమయ్యాడు. మరుసటి రోజు పొద్దున్నే ఆలుమగలిద్దరూ కొట్టుకొచ్చారు. నాన్న ఎత్తు పీట మీద, కాళ్ళు వేలాడేసి, ఎప్పటిలాగే ఉన్నాడు. నేను తలుపు వెనక ఉన్నాను. ఆయన అరుగు దగ్గరికొచ్చి నిలబడ్డాడు. చేతిలో చుట్ట లేదు, నోట్లో పొగ లేదు. నాన్న మొహం కేసి సూటిగా చూస్తూ, మెల్లిగా, కోయలో అన్నాడు.

"సావుకారీ, నీ పంచెకు నిప్పంటుకుంది."

నాన్న ఆకాశం చూశాడు. ఆయన కాలివేళ్ళు ముడుచుకున్నాయో లేదో నేను చూడలేదు. అప్పటికే నేను తలుపు తోసుకుని, నీళ్ళ చెంబుతో అరుగు మీదికి పరిగెత్తుకొచ్చాను. వంగి పంచె కుచ్చెళ్ళు వెతుకుతున్నాను. నిప్పు లేదు, పొగ లేదు. తల ఎత్తితే వాళ్ళిద్దరూ మా నాన్నను చూడ్డం లేదు. నన్నే చూస్తున్నారు.

బిత్తరమొహం వేయబోయాను. రాలేదు. ఆవిడ దగ్గరకొచ్చి, నా చేతిలో చెంబు మెల్లిగా తీసుకుని, పక్కన పెట్టింది. ఈసారి నా చెంప నిమరలేదు. భర్త వైపు తిరిగి, "మరిచిపోయిందనుకున్న," అంది.

తెలుగులో అంది.